రెండో కాన్పు

జనన మరణాల రికార్డు గదిలో చిన్నమ్మాయి పనికి చేరి ముప్పై నాలుగేళ్లయింది. హాజరు పట్టీలో ఉన్న పేరు వేరు. ఇంట్లో, వీధిలో, చుట్టాల్లో మాత్రం ఆమె పుట్టినప్పటి నుంచీ చిన్నమ్మాయే. జుట్టు నెరిసి, మోకాళ్లు పట్టేసి, ఇంకో నాలుగు నెలల్లో ఉద్యోగం దిగిపోబోయే మనిషిని చిన్నమ్మాయి అనడమేమిటని ఎవరైనా నవ్వితే, వాళ్లకంటే ముందు ఆమే నవ్వేది.

పేర్ల సంగతి ఆమెకు తెలిసినంతగా ఆ భవనంలో ఇంకెవరికీ తెలియదు. కాగితంలో తప్పుపడిందని కౌంటరు దగ్గర గొంతు చించుకునేవాళ్లను కూర్చోబెట్టి, ముందు వాళ్ల ఇంటిపేరు ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్పేది. సగం కోపం అక్కడే దిగిపోయేది. ఊరు వదిలి నాలుగు తరాలైనా ఊరి పేరు వదలనివాళ్లు కొందరు. తాతల చేతిపని మానేసి ఆ పని పేరు మాత్రం మోస్తున్నవాళ్లు కొందరు. ఎప్పుడో ఎవరో ఎగతాళికి తగిలించింది అలాగే అంటుకుపోయినవాళ్లు ఇంకొందరు. పొట్టివాళ్లు అనే ఇంటిపేరుగల మనిషి ఒకడు గుమ్మంలో వంగి లోపలికొచ్చినప్పుడు గది గదంతా నవ్వింది. ఇంటిపేరు కస్తూరివారు, ఇల్లంతా గబ్బిలాల కంపు అన్న సామెత ఊరికే పుట్టలేదు కదా అనేది చిన్నమ్మాయి.

తన పేరు గురించి అడిగితే ఆమెకు కాస్త గర్వంగానే ఉండేది. తండ్రి అచ్చాపీసులో సీసపు అక్షరాలు కూర్చేవాడు. భార్య పేరులో మొదటి సగం, తన తల్లి పేరులో చివరి సగం తీసి, రెండింటినీ పక్కపక్కన పేర్చి, సిరా రాసి, కాగితం మీద నొక్కి చూసుకున్నాడట. "నేను చేసిన పేరు. లోకంలో ఇంకెవరికీ లేదు" అనేవాడు. ఇంట్లో ఆమెను ఆ పేరుతో పిలిచింది ఆయనొక్కడే. పిలిస్తే ఒక్క అక్షరమూ మింగకుండా పిలిచేవాడు. పక్కనే కూర్చున్నా సరే, వీధి చివర ఉన్నవాళ్లను కేకేసినట్టు పిలిచేవాడు. ఆయన పోయి ఇరవయ్యేళ్లు. పెళ్లి చేసుకోలేదు గనక, ఇప్పుడు రెండు గదుల ఇంట్లో తల్లీ తనే.

ఆ ఏడు పాత పుస్తకాలన్నీ కంప్యూటరుకు ఎక్కించమని పైనుంచి ఉత్తరువు వచ్చింది. నేలమాళిగలో యాభై ఏళ్లుగా తాళం వేసి ఉన్న గది తెరిచారు. చెదలు తిన్నవి, తడిసి ఆరి అప్పడాల్లా వంకర్లు తిరిగినవి, అట్టలూడినవి, ఒక్కొక్కటీ పైకొచ్చాయి. పక్క బల్ల దగ్గర కూర్చునే గుమాస్తా వాటిని ఫొటో తీసేవాడు. నలభై దాటిన మనిషి. మందపాటి కళ్లద్దాల వల్ల అందరికీ సోడాబుడ్డి. ఫొటోలో రాత అర్థంకాని పేజీలను చూసి టైపు చేయడం చిన్నమ్మాయి వంతు. వెలిసిపోయిన సిరాలో ఆమెకు కనిపించే అక్షరాలు ఇంకెవరికీ కనిపించేవి కావు.

మరణాల వరుస ఎక్కిస్తే కంప్యూటరు ఊరుకోదు. జనన పుస్తకంలో అదే పేరు, అదే తండ్రి పేరు వెతికి పట్టుకుని, రెండింటికీ ముడి వేస్తుంది. ఒకసారి ముడి పడిందంటే ఆ మనిషి ప్రభుత్వ కాగితాల్లో ఇంకెక్కడా బతికి ఉన్నట్టు కనిపించడు. చచ్చినవాళ్ల పేరు మీద బతికేవాళ్లు పెరిగిపోయారని అలా చేశారు.

ఒకరోజు మధ్యాహ్నం భోజనాలయ్యాక చిన్నమ్మాయి ఓ మరణాల పుస్తకం ముందేసుకుని కూర్చుంది. రెండు వందల పద్నాలుగో వరుస. పేరు చూసింది, టైపు చేసేసింది కూడా. సొంత పేరు కదా, వేళ్లకు వెతుక్కునే పనిలేదు. తర్వాత తండ్రి పేరు కొట్టింది. తర్వాత తండ్రి వృత్తి: అచ్చు అక్షరాల కూర్పరి. అప్పుడు ఆగింది.

వయసు రెండేళ్ల నాలుగు నెలలు. కారణం కోరింత దగ్గు. తెలియజేసినవారు, తండ్రి. పక్కన నాన్న సంతకం, చివరి అక్షరానికి తోకలాగి కింద రెండు చుక్కలు పెట్టిన సంతకం. ఆమె చదువుకున్న రోజుల్లో మార్కుల కాగితాల మీద పెట్టిన సంతకమే.

ఇంకెవరో అనుకోవడానికి దారిలేదు. లోకంలో ఇంకెవరికీ లేని పేరాయె.

కోరింత దగ్గు అన్న మాట దగ్గర ఆమె చూపు చాలాసేపు నిలిచిపోయింది. చిన్నప్పుడు తను ఒక్కసారి దగ్గితే చాలు, అమ్మ చేతిలో ఉన్నది ఉన్నట్టే వదిలేసి పరుగెత్తుకొచ్చేది. వచ్చి ఏమీ అనేది కాదు. గుమ్మంలో నిలబడి, రెండో దగ్గు కోసం చూసేది. రాకపోతే వెళ్లిపోయేది. ఆ చూపు పడలేక చిన్నమ్మాయి దిండులో ముఖం పెట్టి దగ్గడం నేర్చుకుంది.

సాయంత్రం అందరూ వెళ్లకముందే జననాల పుస్తకం తీసి వెతికింది. దొరికింది. బడి సర్టిఫికెట్లో తన పుట్టిన తేదీగా ఉన్న తేదీయే, అదే నెల, అదే సంవత్సరం. ఆ తేదీ తప్పని ఆమెకు ఎప్పుడూ తెలుసు. ఆ కాలంలో బడిలో వేసిన వయసు వేరు, అసలు వయసు వేరు. మాస్టారు ఉజ్జాయింపుగా ఏదో వేసేశారని నాన్న చెప్పేవాడు, ఎవరూ పట్టించుకోలేదు. ఉజ్జాయింపు కాదన్నమాట. ఓ పిల్ల నిజంగానే ఆ రోజు పుట్టింది. ఆ పిల్ల కాగితం పట్టుకుని నాన్న బడికి వెళ్లాడు.

మరి తను? ఫలానా ఏడు వానాకాలంలో పుట్టావని అమ్మ చెప్పేది. అంటే ఆ పిల్ల పోయిన నాలుగు నెలలకు. ఆ ఏడు వానాకాలం పుస్తకం మూడు రోజులు తిరగేసింది. ముందు పుస్తకం, వెనక పుస్తకం కూడా చూసింది. ఎక్కడా లేదు. లక్షల మంది పుట్టుకలున్న ఆ గదిలో తన పుట్టుక ఒక్కటే లేదు.

అప్పుడు ఆమె ముప్పై నాలుగేళ్లలో ఎప్పుడూ చేయని పని చేసింది. టైపు చేసినదాన్ని చెరిపేసి, రెండు వందల పద్నాలుగో వరుస దాటేసి, రెండు వందల పదిహేనుకు వెళ్లిపోయింది. ఎవరూ చూడలేదు. చూసినా వెలిసిపోయిన సిరా అనుకుంటారు.

దగ్గు మొదలైంది ఆ మర్నాటి నుంచే.

వెనక బీరువాల మధ్య నుంచి వినిపించేది. పెద్దవాళ్ల దగ్గు కాదు. దగ్గి దగ్గి, చివర ఊపిరి లోపలికి లాక్కునే చప్పుడు. మొదటిసారి చిన్నమ్మాయి లేచి వెళ్లి చూసింది. కట్టలు, దుమ్ము, గోడకు చేరేసిన నిచ్చెన తప్ప ఏమీ లేవు. కౌంటరు దగ్గర ఎవరైనా పిల్లతల్లి నిలబడిందేమోనని సోడాబుడ్డిని అడిగింది. పొద్దుట్నుంచీ ఎవరూ రాలేదన్నాడు. తర్వాత ఆమె అడగడం మానేసింది.

పగటిపూటే. మిట్టమధ్యాహ్నం, కిటికీలోంచి ఎండ బల్ల మీద పడుతుండగా. ఆఫీసరు గదిలోంచి ఎవరైనా ఆమెను పేరుపెట్టి పిలిస్తే, తను తల తిప్పేలోగానే మోచేతి దగ్గర, నడుమెత్తులో, ఇంకెవరో తల తిప్పినట్టుండేది. చూస్తే ఉండేది కాదు. చూడకపోతే ఉండేది. పిలిచినవాళ్లకు జవాబివ్వడానికి నోరు వచ్చేది కాదు. ఒకరి వాకిట్లోకి దొంగతనంగా దూరి, లోపలి నుంచి ఎవరు అని అడిగితే నేనే అన్నట్టుండేది. సంతకం పెట్టాల్సి వచ్చినా అంతే, కలం సగంలో ఆగిపోయేది. పది రోజుల్లో మనిషి సగమైంది. టైపులో తప్పులు దొర్లుతున్నాయి. "ఏంటక్కా, దిగిపోతున్నానని బెంగా?" అన్నాడు సోడాబుడ్డి. అవునంది.

చివరికి ఓ ఆదివారం పొద్దున తల్లిని అడిగింది.

తల్లికి ఎనభై దాటాయి గానీ చూపు సూదిలాంటిది, నోరూ అంతే. కిటికీ దగ్గర కూర్చుని చొక్కాకు గుండీలు కుడుతోంది. ఇరుగుపొరుగువాళ్లు చింపుకున్నవన్నీ ఆవిడ దగ్గరికే వస్తాయి.

"అమ్మా, నాకంటే ముందు నీకు ఇంకో పిల్ల ఉందా?"

సూది ఆగింది. ఆవిడ దారాన్ని పళ్లతో కొరికి తెంపింది. అందుకు కావలసినదానికన్నా చాలాసేపు పట్టింది.

"ఎవరన్నారు?"

"ఎవరూ అనలేదు. పుస్తకంలో ఉంది."

"రాయించాడా?" అంది తల్లి. ఆవిడ ముఖంలోకి వచ్చింది దుఃఖం కాదు, ఆశ్చర్యం. "మీ నాన్న వెళ్లి రాయించాడా? నాతో ఒక్కమాట అనలేదు. ఏం రాశారు? చదువు."

పుస్తకం ఇక్కడ లేదమ్మా అంది చిన్నమ్మాయి. కానీ ఆ వరుస ఆమెకు కంఠతా వచ్చు. పేరు దగ్గర్నుంచి సంతకం దాకా చెప్పింది. తల్లి కళ్లు మూసుకుని విన్నది.

"రెండేళ్ల నాలుగు నెలల పదకొండు రోజులు," అని దిద్దింది. "రోజులు రాయరా?"

"రాయరమ్మా."

ఆ తర్వాత ఆవిడ చెప్పుకుపోయింది, చొక్కా ఒళ్లో పెట్టుకుని, ఎవరో పొరుగింటివాళ్ల సంగతి చెప్పినట్టు. పిల్ల పోయేనాటికి తనకు అయిదో నెల. పిల్లని మోస్తే ఒకటి చేతుల్లో దగ్గేది, ఒకటి కడుపులో తన్నేది. పిల్ల పోయాక ఆయన ఏడవలేదు. అచ్చాపీసుకు వెళ్లేవాడు, వచ్చేవాడు. గుమ్మంలో చెప్పులు విడుస్తూ అలవాటుకొద్దీ పేరు పిలిచేవాడు, పిలిచి అక్కడే నిలబడిపోయేవాడు. నాలుగు నెలలకు ఈ పిల్ల పుట్టింది. పురిటి మంచం దగ్గరికొచ్చి, చేతుల్లోకి తీసుకుని, ఆ పేరుతోనే పిలిచాడు.

"అది దానిదయ్యా అన్నాను. ఆ పేరు పిలవకుండా ఈ ఇంట్లో ఉండలేను అన్నాడు. ఉండలేకపోతే పోతాడేమోనని భయమేసి ఊరుకున్నా. పుట్టిందని కూడా రాయించలేదు నిన్ను. ఉన్నదేగా, మళ్లీ ఏం రాయించడం అనేవాడు. కాస్త పిచ్చి పట్టింది మీ నాన్నకి. బయటికి తెలియని పిచ్చి."

"మరి నువ్వు?"

"నేనా? నేను నిన్ను ఆ పేరుతో ఒక్కసారైనా పిలిచానా? గుర్తుచేసుకో."

చిన్నమ్మాయి గుర్తుచేసుకుంది. ఒక్కసారి కూడా లేదు. బడికి పంపేటప్పుడూ, జ్వరం వచ్చినప్పుడూ, కోప్పడినప్పుడూ కూడా.

"పెద్దది ఉంటేనేగా చిన్నది," అంది తల్లి. "ఇల్లంతా నోళ్లు కుట్టేసుకుని కూర్చున్నారు. నాకు చేతనైంది అదొక్కటే. నిన్ను పిలిచినప్పుడల్లా దాన్ని తలుచుకున్నట్టుండేది. దాని పేరు తీసి నీకివ్వడానికి నాకు నోరు రాలేదే. అలాగని నీకంటూ ఒకటి పెట్టనూ లేదు. మీ నాన్న ఉండగా కుదర్లేదు, ఆయన పోయేసరికి నీకు నలభై దగ్గరపడ్డాయి. ఆ వయసులో పేరు పెడతానంటే నువ్వే తిట్టేదానివి."

చిన్నమ్మాయికి నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. ఆ ఊపులోనే వరుస దాటేసిన సంగతి కూడా చెప్పేసింది. దగ్గు సంగతి మాత్రం చెప్పలేదు. చెప్పాల్సిన అవసరమూ రాలేదు. తల్లి ముఖం గట్టిపడింది.

"మీ నాన్న చేసిందీ అదే. ఇన్నేళ్లూ దాన్ని పోనివ్వలేదు. నువ్వూ పోనివ్వవా?"

"రాస్తే నేను పోయినట్టవుతుందమ్మా."

"నువ్వెందుకు పోతావు, నా ఎదురుగా కూర్చుని మాట్లాడుతుంటే? వెళ్లి రాయి. పసిపిల్ల. ఎంతకాలమని నిలబెడతాం."

మర్నాడు చిన్నమ్మాయి ముందు ఆఫీసరు గదికి వెళ్లి ఉన్నదంతా చెప్పింది. ఆయన నెమ్మదస్తుడు, ఆయనకీ ఉద్యోగం ఇంకా రెండేళ్లే ఉంది. తలుపు దగ్గరికి వేయించి, నీళ్లు తాగి, తేనెతుట్టెను కదపడం ఎందుకమ్మా అన్నాడు. నాలుగు నెలలు కళ్లు మూసుకుంటే అయిపోతుంది, గౌరవంగా దండ వేసి పంపిస్తాం, ఆ పేజీకి చెద పట్టిందని నేనే రాస్తాను అన్నాడు. ఆమె ఒప్పుకోలేదు. ఆయన ఇంకోసారి ఆలోచించుకోమన్నాడు. "మీరు ఏ పుస్తకంలోనూ లేరు. అది రాస్తే మీకంటూ మిగిలే కాగితం ఒక్కటీ ఉండదు. తెలిసే చేస్తున్నారా?" తెలిసే అంది. అయితే జరిగిందంతా రాసివ్వండి, తర్వాత నావల్ల అయింది నేను చేస్తానన్నాడు.

టైపు చేస్తుంటే సోడాబుడ్డి వెనకే నిలబడ్డాడు. పేరు, తండ్రి పేరు, వృత్తి, వయసు. పదకొండు రోజులకు గడి లేదు. చివర్లో కంప్యూటరు జనన పుస్తకంలోని వరుసను వెతికి తెచ్చి, ఈ వ్యక్తి మరణించినట్టు నమోదు చేయాలా అని అడిగింది. ఆమె వేలు అక్కడ ఆగింది. బీరువాల వెనక నుంచి దగ్గు వస్తుందేమోనని చెవులు రిక్కించి విన్నది. ఏమీ రాలేదు. ఎవరో ఊపిరి బిగబట్టుకున్నట్టు గది నిశ్శబ్దంగా ఉంది. చేయాలి అన్న చోట నొక్కింది.

మరుసటి ఉదయం గుమ్మం దగ్గర హాజరు యంత్రం మీద బొటనవేలు పెడితే ఎర్రదీపం వెలిగింది. తుడుచుకుని మళ్లీ పెట్టింది. మళ్లీ ఎరుపే. వెనక వరుసలో ఉన్నవాళ్లు గుసగుసలాడుకున్నారు. సోడాబుడ్డి తన వేలు పెట్టి తలుపు తెరిచి, "రా అక్కా, నువ్వు లేవంటోంది ఇది. దీని మొహం," అన్నాడు. ఆమె లోపలికి వెళ్లి తన కుర్చీలో కూర్చుంది. ఆ రోజంతా గదిలో ఎవరూ ఆమెను పేరుపెట్టి పిలవలేదు. భయపడ్డారో, జాలిపడ్డారో.

ఆలస్యపు జనన నమోదుకు తల్లి సాక్ష్యం కావాలి. వారం తిరక్కుండా తల్లిని ఆటోలో తీసుకొచ్చింది. ముప్పై నాలుగేళ్లుగా లోపలి వైపు కూర్చున్న కౌంటరుకు ఆ రోజు బయటి వైపు నిలబడింది. లోపల ఆఫీసరే స్వయంగా కూర్చుని ఫారం రాశాడు. పుట్టిన తేదీ అడిగితే తల్లి తడుముకోకుండా చెప్పింది. ఎక్కడ పుట్టిందంటే వీధి, ఇల్లు, మంచం వేసిన గది కూడా చెప్పింది. గది రాయనక్కర్లేదమ్మా అన్నాడాయన.

"ఇది ఎన్నో కాన్పు?"

ఆవిడ కౌంటరు అంచు పట్టుకుంది. వెనక వరుసలో అయిదారుగురు ఉన్నారు.

"రెండో కాన్పు," అంది గట్టిగా. ఆ మాట ఎవరెదుటా అనడం ఆవిడకు అదే మొదలు. అని, ఆగి, ఎవరైనా కాదంటారేమోనన్నట్టు అటూ ఇటూ చూసింది. ఎవరూ కాదనలేదు. ఆఫీసరు రెండు అని రాశాడు.

తర్వాత గడి బిడ్డ పేరు. ఆఫీసరు కలమెత్తి చిన్నమ్మాయి వైపు చూశాడు. కావాలంటే ఖాళీగా వదిలేయొచ్చనీ, తర్వాత రాయించుకోవడానికి ఏడాది గడువుందనీ, నిన్నగాక మొన్న పుట్టినవాళ్లకు పెట్టిన రూలే మీకూ వర్తిస్తుందనీ చెప్పాడు. సోడాబుడ్డి కిసుక్కున నవ్వి నోరు మూసుకున్నాడు. కొత్త పేరు ఏదైనా పెట్టుకోవాలని చిన్నమ్మాయి రెండు రాత్రులు ఆలోచించింది గానీ, ఎందరికో పేర్ల పుట్టుక విప్పి చెప్పిన మనిషికి తనకంటూ ఒక్క పేరు తట్టలేదు.

తల్లి ముందుకు జరిగి, ఆ పేరు చెప్పింది. ఎన్నేళ్లుగానో ఆ నాలుక మీదికి రాని పేరు. మధ్యలో ఒక అక్షరం దగ్గర ఆగింది. మొదటి నుంచి మళ్లీ చెప్పింది.

"అదే రాయండి," అంది. "అప్పుడు వాళ్ల నాన్న ఇచ్చాడు, నన్నడక్కుండా. ఇప్పుడు నేనిస్తున్నా. పెద్దది ఏమీ అనుకోదు."

ఆఫీసరు అక్షరం అక్షరం కూడబలుక్కుంటూ రాశాడు. చిన్నమ్మాయి కౌంటరు మీద తల ఆనించి, అంతమందిలో, చిన్నపిల్లలా ఏడ్చింది.

కాగితం చేతికి రావడానికి మూడు నెలలు పట్టింది. ఉద్యోగం చివర్లో వయసు మార్చడం కుదరదని పైవాళ్లు తేల్చారు. దాంతో చిన్నమ్మాయి అక్క పుట్టిన తేదీకే అరవై నిండినట్టు దిగిపోయింది. నిజానికి ఆమెకింకా అరవై రాలేదు. అందుకు బాధపడలేదు. అన్నాళ్లు అక్క వయసు తను వాడుకుంది గనక, అక్క లెక్కకే వదిలేయడం న్యాయమేనంది. ఆఫీసరు అన్నమాట ప్రకారం దండ వేసి పంపించాడు.

రికార్డు గదిలో ఆ దగ్గు మళ్లీ వినిపించిందో లేదో ఆమెకు తెలియదు. సోడాబుడ్డిని అడగలేదు.

ఇంట్లో మాత్రం ఒక మార్పు వచ్చింది. ఇప్పుడు తల్లి కొన్ని మధ్యాహ్నాలు వెనక గదిలోంచి ఆ పేరుతో పిలుస్తుంది. గట్టిగా కాదు, నిద్రపోతున్న పిల్లను లేపినట్టు. చిన్నమ్మాయి చేస్తున్న పని ఆపుతుంది. ఆ పిలుపు తనకో, ఇంకొకరికో ఆమెకు తెలియదు. తల్లికైనా తెలుసో లేదో. ఒక్కోసారి తనకన్నా ముందే గచ్చు మీద చిన్న అడుగులు వెళ్లినట్టుంటుంది. అయినా లేచి వెళ్తుంది. వెళ్లేసరికి తల్లి సూదీ దారమూ పట్టుకుని కిటికీ దగ్గర కూర్చుని ఉంటుంది.

"వచ్చావా?" అంటుంది, తలెత్తకుండానే.

"వచ్చానమ్మా," అంటుంది చిన్నమ్మాయి.